ఎనిమిదో చిల్లు

ఓబుళేసుకు ఒక బాధ ఉండేది. తరవాత వచ్చిన దానితో పోలిస్తే అది బాధే కాదు. అయినా కథ అక్కడే మొదలైంది కాబట్టి ముందు దాన్నే చెప్పుకోవాలి.

పెన్నేటి ఒడ్డున ఒక చిన్న ఊరు. ఆ ఊళ్లో ఒక మ్యూజియం ఉంది. ఓబుళేసు అందులో లేబుళ్లు రాసేవాడు. లేబుల్ అంటే మరేమీ కాదు, బొమ్మ పక్కన గోడకు ఉండే చిన్న అట్ట. ఇది ఫలానా వస్తువు, ఫలానా దానితో చేశారు, ఫలానా వారు చేశారు, ఫలానా ఊరి నుంచి వచ్చింది అని చెప్పే అట్ట. మ్యూజియానికి వెళ్లినప్పుడు మనం బొమ్మను చూస్తాం, అట్ట చదువుతాం, ముందుకు పోతాం. ఆ అట్ట రాసిందెవరని ఏనాడైనా అడిగామా? అడగలేదు.

అదే ఓబుళేసు బాధ.

అతను చరిత్రలో ఎమ్మే చదివాడు. వచ్చిన రెండేళ్లలో రెండు వందల పైచిలుకు అట్టలు రాశాడు. ఒక్కదాని మీదా అతని పేరు లేదు.

అతనికి ఆ పని నేర్పిన మనిషి ఖలీల్ సాబ్. ముప్పై ఎనిమిదేళ్లుగా ఆ మ్యూజియంలో అట్టలు రాస్తున్నాడు. ఉద్యోగం నుంచి ఎప్పుడో దిగిపోయాడు కానీ పొద్దున పది కాగానే వచ్చి తన బల్ల దగ్గర కూర్చునేవాడు. పొమ్మనేవాళ్లు లేరు. అట్టను తనే కోసుకునేవాడు, సన్న కుంచెతో తనే అక్షరాలు దించేవాడు. ఆయన రాసిన 'ళ' చూడ్డానికే కొందరు అట్ట దగ్గర ఆగేవారని చెప్పుకునేవారు.

ఆయన నియమం ఒకటే. నాలుగు వరుసలు. ఏమిటి, దేనితో, ఎవరు, ఎక్కడిది. ఐదో వరుస రాస్తే కొట్టేసేవాడు. ఓబుళేసు ఒకసారి ఒక రాతి నంది పక్కన 'అద్భుతమైన' అని రాశాడు. సాబ్ ఆ మాట మీద గీత పెట్టాడు.

"అది చూసేవాడు అనుకోవాల్సిన మాటప్పా. వాడి నోట్లోది నువ్వు లాక్కుంటే ఎట్లా?"

ఒకరోజు ఓబుళేసు ధైర్యం చేసి అడిగాడు.

"సాబ్, అట్ట కింద, మూలన, చిన్న అక్షరాల్లో నా పేరు వేసుకుంటే తప్పా? పుస్తకం మీద రాసినవాడి పేరు వెయ్యరా?"

ఖలీల్ సాబ్ అతని చేతిలోని అట్ట తీసుకున్నాడు. నాలుగు మూలలూ చూశాడు. ఎక్కడైనా కాస్త ఖాళీ దొరుకుతుందేమోనని నిజంగానే వెతికినట్టు చూశాడు.

"చోటు లేదప్పా," అని అట్ట తిరిగి ఇచ్చేశాడు. "దొరికిన రోజు చెప్తాలే."

గ్యాలరీ ఊడుస్తున్న మస్తానమ్మ పకపకా నవ్వింది.

"గోడ మీద రాసుకో సార్! కాలేజీ పిల్లకాయలు రోజూ బొగ్గుతో రాస్తానే ఉండారు. ఒకటి నీది. తుడిచేదాన్ని నేను లేనా ఏంది?"

ఓబుళేసుకు ఆ నవ్వు చాలా రోజులు గుచ్చుకుంది.

*

ఆ ఎండాకాలంలో మ్యూజియానికి ఒక పెద్ద ఇనప పెట్టె వచ్చింది. దాని నిండా తోలుబొమ్మలు. ఎప్పుడో ఒక షావుకారు చుట్టుపక్కల ఊళ్లు తిరిగి, ఆటలు మానేసిన వాళ్ల దగ్గర కొని దాచుకున్నాడట. ఆయన పోయాక ఇంట్లోవాళ్లు పెట్టె మ్యూజియానికి ఇచ్చేశారు. నలభై మూడు బొమ్మలు. రావణుడు, హనుమంతుడు, ఆటలో నవ్వించే బంగారక్క, కేతిగాడు. రంగులు కొంచెం మాసినా తోలు చెడలేదు. ఏ బొమ్మ ఎవరు చేశారో చెప్పే చీటీ మాత్రం ఒక్కటీ లేదు.

తోలుబొమ్మను తెర వెనక పెట్టి ఆడిస్తారు. దాని వెనక దీపం ఉంటుంది. నగలు ఉండాల్సిన చోట, పూలు ఉండాల్సిన చోట తోలుకు చిన్న చిన్న చిల్లులు పొడుస్తారు. ఆ చిల్లుల్లోంచి వచ్చే వెలుగే నగ, ఆ వెలుగే పువ్వు. కాబట్టి రంగు ఎంత ముఖ్యమో చిల్లు అంతకన్నా ముఖ్యం.

ఆ నలభై మూడింట్లో ఓబుళేసు కళ్లు ఒకదాని మీదే నిలిచిపోయాయి. మాయలేడి. మేకతోలుతో చేసింది. పరిగెడుతూ పరిగెడుతూ వెనక్కి తిరిగి చూస్తోంది. ఒళ్లంతా పూలు, ఒక్కో పువ్వుకు ఎనిమిది చిల్లులు. తనను తరుముతున్నవాడు ఎంత దూరంలో ఉన్నాడో చూసుకుంటున్నట్టు, పాపం, మెడ అంతగా తిప్పింది. ఆ బొమ్మను గ్యాలరీ నడిమధ్య వేలాడదీయాలని మ్యూజియం ఆఫీసరమ్మ కూడా ఒప్పుకుంది.

ఓబుళేసు దాన్ని దినమంతా చూశాడు. కొలిచాడు. పూలు లెక్కపెట్టాడు. అరవై రెండు. అప్పుడు అతనికి ఒకటి కనిపించింది. ఎడమ చెవి కింద ఉన్న చివరి పువ్వుకు ఏడే చిల్లులు ఉన్నాయి. ఎనిమిదోది ఉండాల్సిన చోట తోలు అట్లాగే ఉంది.

అరవై రెండు పూలు. ఒక్క చిల్లు తక్కువ. ఎంత పనివాడికైనా ఎక్కడో ఒకచోట చెయ్యి మరుస్తుంది కదా అనుకున్నాడు. ఇన్నేళ్లలో ఎవరికీ కనపడనిది తన కంటికి దొరికిందని పొంగిపోయాడు. అందమైన బొమ్మ, నడిమధ్య వేలాడే బొమ్మ, ఆ లోపంతో ఎందుకుండాలి?

మరమ్మతు గదిలో తోలుకు చిల్లు పొడిచే చిన్న ఉలి ఉంది. మధ్యాహ్నం అందరూ భోజనాలకు వెళ్లినప్పుడు లేడిని చెక్క మీద పరిచాడు. ఉలి పెట్టాడు. సుత్తితో ఒకే ఒక్క దెబ్బ వేశాడు.

పువ్వు నిండింది.

అతను ఎవరికీ చెప్పలేదు. తప్పు చేశానని దాచుకోలేదు. మంచిపని చేసి ఊరుకున్నానన్న గర్వంతో దాచుకున్నాడు.

*

తోలుబొమ్మల గ్యాలరీ తెరవబోతున్నారని పేపర్లో నాలుగు వరుసల వార్త వచ్చింది. అది వచ్చిన వారానికి, ఒక మంగళవారం, ఒక ముసలామె మ్యూజియానికి వచ్చింది. పేరు తుళజమ్మ. కళ్లు రెండూ పూర్తిగా పోయాయి. మనవరాలు యశోద చెయ్యి పట్టుకుని నడిపించింది. రెండు బస్సులు మారి వచ్చారు.

"మాదొక లేడి ఉండాలి సామీ," అంది తుళజమ్మ. "షావుకారు కొనుక్కపోయినాడు. యాడుందో తెలవక ముప్పై ఏండ్లాయ. పేపర్లో లేడి అని రాసినారంట. మా పిల్ల సదివి చెప్పింది."

"మీ ఇంట్లో చేసిన బొమ్మేనా అవ్వా?" అన్నాడు ఓబుళేసు.

"మా ఇంట్లో ఏంది, నేను చేసిందే. గీసేది మా ఆయప్ప. చిల్లులన్నీ నావే. ఆడోళ్లం మేమే కదా పొడిచేది. ఒకసారి సెయ్యి పెట్టనియ్యి నాయనా. నాదైతే నాకు తెలుస్తాది."

ఓబుళేసు ఇబ్బందిగా గోడ వైపు చూశాడు. అక్కడ బోర్డు ఉంది. వస్తువులను ముట్టుకోరాదు.

ఖలీల్ సాబ్ బల్ల దగ్గర నుంచి లేచి వచ్చాడు. "ఆ బోర్డు రాసింది నేనేలే," అని లేడిని తనే దించి తెచ్చి బల్ల మీద పరిచాడు. తుళజమ్మ రెండు చేతులూ కడిగించి, తుడిచి, బొమ్మ మీద పెట్టాడు. "చూడమ్మా."

ఆమె తోక దగ్గర మొదలుపెట్టింది. వేళ్లు వీపు మీదుగా నడిచాయి. పొట్ట కింద నుంచి వచ్చాయి. వెనక్కి తిరిగిన మెడ దగ్గరికి రాగానే ఆమె ముఖం వెలిగింది.

"ఈ మెడ చూడే యశోదా. ఈ తిప్పడం చూడు. మీ తాత ఒక్కడే గీస్తాడు ఇట్లా."

"చూస్తాండా అవ్వా," అంది యశోద.

వేళ్లు పూల మీద పడ్డాయి. పెదాలు కదులుతున్నాయి, లెక్కపెడుతోంది. ఒకటి తరవాత ఒకటి దాటుతూ ఎడమ చెవి కిందికి వచ్చింది. అక్కడ వేలు ఆగింది.

లెక్కపెట్టింది. మళ్లీ లెక్కపెట్టింది. మూడోసారి గోరుతో ఒక్కో చిల్లునూ తడిమి లెక్కపెట్టింది.

చేతులు రెండూ వెనక్కి తీసుకుని ఒళ్లో పెట్టుకుంది.

"కాదు సామీ. నాది కాదు ఇది."

"బాగా చూడవ్వా," అంది యశోద. "మెడ తాతదే అంటివి కదా."

"మెడ అట్లాగే ఉంది. పూలూ అట్లాగే ఉండాయి. ఎవురో నా లేడిని చూసి చేసినట్టుంది. బాగా చేసినారు. నాది మాత్రం కాదు." లేచి మనవరాలి చెయ్యి అందుకుని, "పా యశోదా, బస్సు పోతాది," అంది.

వెళ్లేముందు యశోద సందర్శకుల పుస్తకంలో ఊరి పేరు, అవ్వ పేరు రాసింది. తుళజమ్మ గడప దాటేటప్పుడు ఒకసారి ఆగి, లేడి ఉన్న వైపు ముఖం తిప్పింది. తరవాత వెళ్లిపోయింది.

"నాదే అని పట్టుపట్టలేదు, నయం," అన్నాడు ఓబుళేసు. "మూడో వరుసలో 'తెలియదు' అని రాసేస్తాను సాబ్."

ఖలీల్ సాబ్ తలుపు వైపే చూస్తున్నాడు.

"తనది కాదని ఎట్లా తెలిసిందో అడిగినావా?"

"లేదు సాబ్."

"నేనూ అడగలేదు," అన్నాడు సాబ్. తన బల్ల దగ్గరికి వెళ్లి కూర్చున్నాడు. ఆ పూట ఇంక కుంచె ముట్టలేదు.

*

మర్నాడు బుధవారం. ఓబుళేసు లేడి కార్డు నింపుతున్నాడు. ప్రతి బొమ్మకూ ఒక కార్డు ఉంటుంది. పెట్టె వచ్చిన రోజే తీసిన ఫొటో దాని మీద అంటించి ఉంటుంది. కొలతలు రాస్తూ అతను ఫొటో వైపు చూశాడు.

ఎడమ చెవి కింద పువ్వు. ఏడు చిల్లులు.

తుళజమ్మ వేలు ఆగింది అక్కడే.

కార్డు సొరుగులో పెట్టాడు. కాసేపటికి మళ్లీ తీసి చూశాడు. చూసినంత మాత్రాన ఫొటోలో చిల్లు పుడుతుందా?

అతను ఆ రోజే వెళ్లి ఉండాల్సింది. ఆమె ఊరు రెండు బస్సుల దూరం. పుస్తకంలో పేరు రాసి ఉంది. 'అవ్వా, అది నీదే. చిల్లు నేను పొడిచాను' అని చెప్తే సరిపోయేది. అంతే పని. కానీ గ్యాలరీ తెరవడానికి తొమ్మిది రోజులు ఉంది. ఇప్పుడు చెప్తే ఆఫీసరమ్మ ఏమంటుంది? సాబ్ ఏమంటాడు? తెరిచాక వెళ్దామనుకున్నాడు. తెరిచాక తీరిగ్గా వెళ్లి, నెమ్మదిగా చెప్పి, ఆమెను తీసుకొచ్చి చూపిద్దామనుకున్నాడు.

గ్యాలరీ తెరిచారు. కలెక్టరు వచ్చాడు. నడిమధ్య మాయలేడి వేలాడింది, వెనక దీపంతో, అరవై రెండు నిండు పూలతో. పక్కన అట్ట. చేసినవారు: తెలియదు. కలెక్టరు భార్య ఆ అట్ట చదివి, "అయ్యో, ఎవరో మహానుభావులు," అంది. ఓబుళేసు చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

మర్నాడు పొద్దున్నే బస్సెక్కాడు.

ఇల్లు కనుక్కోవడం కష్టం కాలేదు. వాకిట్లో నలుగురు కూర్చుని ఉన్నారు. యశోద అతన్ని గుర్తుపట్టి లేచి వచ్చింది.

"మా అవ్వ లేదు సార్. నాలుగు రోజులాయ."

అతనికి కుర్చీ వేశారు. నీళ్లిచ్చారు.

"జబ్బా?" అన్నాడు చివరికి.

"ఏం లేదు సార్, వయసే. మధ్యాహ్నం పండుకున్నది లేయలేదు." యశోద నీళ్ల గ్లాసు వెనక్కి తీసుకుంది. "మీ కాడ్నించి బస్సులో వస్తా ఒకటే మాట అనింది. 'మంచిదేలే, నా లేడిని ఎవురో ఏట్లో వదిలింటారు' అని. పాతబడిన బొమ్మల్ని మావాళ్లు ఏట్లో వదుల్తారు సార్. మనిషిని సాగనంపినట్టే. అట్లా పోయింటే మంచిదే అనింది. మళ్లా దాని ఊసే ఎత్తలేదు."

ఓబుళేసు తల పైకెత్తలేకపోయాడు. ఎత్తేసరికి ఇంటి లోపల, చీకట్లో వేలాడుతున్న దీపం కనిపించింది. ఆటలు పోయాక ఆ ఊళ్లోవాళ్లు కరెంటు దీపాలకు తొడిగే తోలు బుట్టలు చేసి అమ్ముకుంటున్నారు. అది అట్లాంటి బుట్టే. వెలుగు పూలుపూలుగా గోడ మీద పడుతోంది.

"అవ్వ చేసిందే సార్. కండ్లు పోయినాక కూడా తడుముకుంటా పొడిచేది. ఇదే ఆఖరిది."

అతను లేచి లోపలికి వెళ్లాడు. బుట్ట చుట్టూ తిరిగి వెతికాడు. అంచు దగ్గర, చివరి పువ్వుకు ఏడు చిల్లులు.

"ఇక్కడ ఒకటి లేదు," అన్నాడు.

"అది మా అవ్వ గుర్తు కదా సార్!" యశోద ముఖంలో ఆ నాలుగు రోజుల్లో మొదటిసారి నవ్వులాంటిది వచ్చింది. "జాతరల్లో నాలుగైదు బొమ్మలాట మేళాల పెట్టెలు కలిసిపోతాయి కదా. ఎవురి బొమ్మ ఎవురిదో తెలియాల కదా. అవ్వకు రాసేది రాదు. అందుకని కడాకు ఒక్క చిల్లు పొడవకుండా ఇడిచిపెడుతుంది. ఎవురైనా బొమ్మకు చిల్లు పెడతారు కానీ ఇడిచిపెట్టరు కదా, అనేది."

యశోద అతనికి టీ ఇచ్చింది. అతను తాగాడు. చెప్పాలని నోరు తెరిచాడు. వాకిట్లో కూర్చున్న నలుగురూ మర్యాదగా అతని వైపే చూస్తున్నారు, మ్యూజియం నుంచి ఇంత దూరం వచ్చాడని. నోరు మూసుకున్నాడు. చెప్పకుండానే బస్సెక్కాడు.

దారంతా లెక్కపెట్టుకున్నాడు. ఫొటో చూసిన తరవాత ఆరు రోజులు ఆమె బతికే ఉంది. ఆ ఆరు రోజులూ తను ఏం చేశాడు? ఒకరోజు గుమ్మానికి బంతిపూలా చామంతులా అని మస్తానమ్మతో వాదించాడు. ఒకరోజు మైకు కుదరలేదని తిరిగాడు. ఒకరోజు, కలెక్టరు వస్తాడు కదా అని, క్షౌరం చేయించుకున్నాడు.

*

వచ్చినరోజే లేడి పక్కన అట్ట తీసేశాడు. కొత్త అట్ట కోసుకుని బల్ల దగ్గర కూర్చున్నాడు. ఒక్క అక్షరం పడలేదు. రెండో రోజూ పడలేదు. మూడో రోజు మస్తానమ్మ చీపురు పట్టుకుని వచ్చి, "ఏం సార్, ఇంకా పెట్టలేదే? లేడి పేరు మర్చిపోయినావా?" అని నవ్వబోయి, అతని ముఖం చూసి, ఊడవకుండానే వెళ్లిపోయింది.

అప్పుడతను లేచి ఖలీల్ సాబ్ ముందు నిలబడి మొత్తం చెప్పాడు. ఉలి దగ్గర నుంచి టీ దాకా. ఏదీ మిగుల్చుకోలేదు.

సాబ్ చేతిలోని కుంచె కింద పెట్టి విన్నాడు.

"ఒక పని చేస్తాను సాబ్," అన్నాడు ఓబుళేసు. "తోలు పలచగా చెక్కి ఆ చిల్లులో అంటిస్తాను. రంగు కలిపేస్తాను. ముందు ఎట్లా ఉండేదో అట్లాగే అవుతుంది. ఎవరికీ తెలియదు."

"ఎవరికి చూపిస్తావప్పా?" అన్నాడు సాబ్.

ఆ అతుకును వేలితో తడిమి, అవును నాదే అని చెప్పాల్సిన మనిషి లేదు. ఇంకెంత బాగా మూసినా, ఎంత రంగు కలిపినా, లేదు. ఓబుళేసు అప్పటిదాకా ఏడవలేదు. అప్పుడు ఏడ్చాడు. సాబ్ ఊరుకోమనలేదు.

ఏడుపు దానంతట అది ఆగాక సాబ్ లేచాడు. గ్యాలరీలోకి వెళ్లి లేడిని దించి తెచ్చాడు. తూర్పు కిటికీ తెరిచాడు. పొద్దుటి ఎండ నేరుగా బల్ల మీద పడింది.

"నీ అట్ట తే."

ఓబుళేసు మూడు రోజులుగా రాయలేకపోయిన తెల్ల అట్ట తెచ్చాడు. సాబ్ దాన్ని బల్ల మీద పెట్టాడు. లేడిని రెండు చేతులతో ఎండకు అడ్డంగా ఎత్తి పట్టుకున్నాడు. వెలుగు చిల్లుల్లోంచి దిగి అట్ట మీద పడింది. కొంచెం అటూ ఇటూ జరిపి, ఎడమ చెవి కింద పువ్వు సరిగ్గా అట్ట నడుమ పడేట్టు ఆపాడు.

ఎనిమిది చుక్కలు.

"నీది ఏది?"

ఓబుళేసు చూశాడు. ఏడు చుక్కల అంచులు మెత్తగా ఉన్నాయి. ఏళ్ల తరబడి ఆడి, అరిగి, వెలుగు కూడా కొంచెం కరిగినట్టు పడుతోంది. ఒక్క చుక్క మాత్రం గుండ్రంగా, పదునుగా, కొత్తగా ఉంది. వెతకాల్సిన పనే లేదు. అతను దాని మీద వేలు పెట్టాడు. వెలుగు అతని గోరు మీదికి ఎక్కింది.

"తక్కినవి?"

"తుళజమ్మవి."

"రాయి."

"సాబ్, నాలుగే వరుసలు కదా..."

"రాయప్పా."

"ఆఫీసరమ్మ చూస్తే నా ఉద్యోగం పోతుంది సాబ్."

"పోవచ్చు," అన్నాడు సాబ్.

ముసలాయన లేడిని దించలేదు. ఓబుళేసు కుంచె ముంచాడు. చుక్కల వెలుగులోనే రాశాడు.

మాయలేడి.
మేకతోలు, రంగులు.
గీసినది తుళజమ్మ భర్త. పేరు మేము ఇంకా అడగలేదు. చిల్లులు పొడిచి చేసినది తుళజమ్మ.
పెన్నేటి సీమ.

కుంచె ఆగింది. అట్ట కింద, మూలన, కాస్త ఖాళీ మిగిలింది. అతను ఆ ఖాళీని చూస్తూ ఉండిపోయాడు.

"పేరు వేసుకుంటానని అడిగినావు కదా," అన్నాడు ఖలీల్ సాబ్. "చోటు దొరికింది."

ఓబుళేసు వంగి, చిన్న అక్షరాల్లో ఐదో వరుస రాశాడు.

ఎడమ చెవి కింద ఎనిమిదో చిల్లు ఆమెది కాదు. అది పొడిచినది ఓబుళేసు.

సాబ్ లేడిని బల్ల మీద పడుకోబెట్టాడు. అట్ట అందుకుని, కిటికీ దగ్గరికి వెళ్లి, మొదటి నుంచి చివరి దాకా చదివాడు. ముప్పై ఎనిమిదేళ్లుగా ఐదో వరుస కనిపిస్తే కొట్టేసే మనిషి ఒక్క అక్షరం కూడా దిద్దకుండా, తడి ఆరాలని అట్టను ఎండలో పెట్టాడు.